లైనక్స్ కోసం వైఫై డాంగిల్ కొంటున్నారా? శ్రీకాకుళంలో నాకు జరిగింది చదివి వెళ్లండి

పలాసలో కొందరు చిన్న జీడిపప్పు వ్యాపారులకు జీఎస్టీ రిటర్నులు వేయడం నా పని. 2025 అక్టోబర్ 14తో విండోస్ 10కి సపోర్ట్ ఆగిపోయింది, నా పాత ల్యాప్‌టాప్ విండోస్ 11 తీసుకోదు. సంక్రాంతి సెలవులకు వచ్చిన మా అక్క కొడుకు దాంట్లో విండోస్ బదులు ఆర్చ్ లైనక్స్ అనే ఉచిత ఆపరేటింగ్ సిస్టమ్ వేసి ఇచ్చాడు. ఆర్చ్‌లో మనం ఎంచుకున్నవే ఉంటాయి, నెట్ కలిపే ప్రోగ్రామ్ కూడా మనమే పెట్టుకోవాలి. వాడు నెట్‌వర్క్ మేనేజర్ పెట్టాడు. ల్యాప్‌టాప్ లోపలి వైఫై కార్డు ఎప్పుడో పోయింది కాబట్టి యూఎస్‌బీ పోర్టులో పెట్టే బయటి వైఫై డాంగిల్ ఒకటి కొనుక్కోమని చెప్పి కాలేజీకి వెళ్లిపోయాడు.

వేరే పని మీద శ్రీకాకుళం వెళ్లినప్పుడు ఏడు రోడ్ల జంక్షన్ దగ్గర ఒక షాపులో అడిగాను. లైనక్స్‌లో పని చేస్తుందా అని రెండుసార్లు అడిగాను. "ఏటి మేడమ్, బాక్సు మీదే రాసుంది కదా" అన్నాడు. నిజంగానే రాసుంది, "లైనక్స్ 2.6 – 4.4" అని. 850 రూపాయలు ఇచ్చి తెచ్చుకున్నాను.

ఆ అంకెల దగ్గరే నేను మోసపోయాను. అవి కెర్నల్ వెర్షన్లు. కెర్నల్ అంటే లైనక్స్‌కి గుండెలాంటి ప్రోగ్రామ్. 2.6 వచ్చింది 2003 డిసెంబరులో, 4.4 వచ్చింది 2016 జనవరిలో. అంటే కంపెనీ ఇచ్చే డ్రైవర్ (డాంగిల్‌ని నడిపే ప్రోగ్రామ్) ఆ రెంటి మధ్య వచ్చిన కెర్నళ్ల కోసం రాసింది, ఆ తర్వాత వచ్చినవాటి సంగతి బాక్సు చెప్పడం లేదు. ఆర్చ్‌లో ఎప్పుడూ సరికొత్త కెర్నలే ఉంటుంది. బాక్సు మీద లైనక్స్ అన్న మాట కనిపించగానే సంతోషపడకండి, పక్కనున్న అంకె చూడండి.

ఇంటికొచ్చి పెడితే వైఫై రాలేదు. దాని బదులు ఒక సీడీ డ్రైవ్ కనిపించింది, లోపల విండోస్ సెటప్ ఫైలు ఉంది. షాపుకి ఫోన్ చేస్తే "ప్యాకెట్ విప్పేశారు కదా, తీసుకోం" అన్నారు. రెండు గంటల బస్సు ప్రయాణం, మళ్లీ వెళ్లి గొడవ పడే ఓపిక లేక కాశీబుగ్గలో కంప్యూటర్లు బాగుచేసే ఒకతని దగ్గరికి తీసుకెళ్లాను.

అతను గిట్‌హబ్ అనే కోడ్ పంచుకునే సైటు నుంచి ఏదో డ్రైవర్ కోడ్ దించి, కంపైల్ చేసి (అంటే నడిచే ప్రోగ్రామ్‌గా మార్చి), 700 తీసుకున్నాడు. వైఫై వచ్చింది. రెండు వారాలు బాగానే నడిచింది. 18వ తేదీ సాయంత్రం మామూలుగా సిస్టమ్ అప్‌డేట్ చేసి రీస్టార్ట్ చేశాను, వైఫై మాయం. అతనికి ఫోన్ చేస్తే "అప్‌డేట్ చేసినప్పుడల్లా ఇంతే మేడమ్, మళ్లీ 700 అవుతుంది" అన్నాడు. 20వ తేదీ లోపు జీఎస్‌టీఆర్-3బీ అనే జీఎస్టీ రిటర్ను వేయాలి. దాటితే పన్ను ఉన్న ఒక్కో రిటర్నుకి రోజుకి 50 రూపాయలు ఆలస్య రుసుము. అది నా డబ్బు కాదు, నన్ను నమ్మి కాగితాలు ఇచ్చినవాళ్ల డబ్బు. ఆ రెండు రోజులు పడిన టెన్షన్ ఇంకెవరూ పడకూడదనే ఇదంతా రాస్తున్నాను.

19వ తేదీ రాత్రి మా అక్క కొడుకు ఫోన్లో చెప్పిన మొదటి మాట, "పిన్నీ, ఫోన్‌ని కేబుల్‌తో కలిపి యూఎస్‌బీ టెదరింగ్ ఆన్ చెయ్యి." ఫోన్‌లోని నెట్‌ని కేబుల్ ద్వారా ల్యాప్‌టాప్‌కి ఇచ్చే సెట్టింగు అది. ఆన్ చేశాను, అర నిమిషంలో నెట్ వచ్చింది. ఆండ్రాయిడ్ ఫోన్ టెదరింగ్‌కి కావలసిన డ్రైవర్ కెర్నల్‌లోనే ఉంటుందట. రిటర్నులన్నీ ఆ రాత్రే వేసేశాను. ఇది ముందే తెలిసుంటే ఆ 700 మిగిలేవి.

తర్వాత ఇద్దరం కూర్చుని ఆ బాగుచేసినతను చేసిన పని చూశాం. డాంగిల్‌లో ఉన్నది రియల్‌టెక్ 8821సీయూ చిప్. దానికి డ్రైవర్ 2023 ఫిబ్రవరిలో వచ్చిన 6.2 నుంచి కెర్నల్‌లోనే ఉంది. డాంగిల్‌ని సీడీ రూపం నుంచి వైఫై రూపానికి మార్చే యూఎస్‌బీ మోడ్‌స్విచ్ అనే చిన్న ప్యాకేజీ పెడితే చాలు, అది ఉచితం. బాగుచేసినతను అది పెట్టాడు. అక్కడితో ఆగి ఉంటే నాకు ఏ కష్టమూ ఉండేది కాదు. తన డ్రైవర్ కూడా ఎక్కించి, కెర్నల్ సొంత డ్రైవర్‌ని బ్లాక్‌లిస్ట్‌లో (వాడొద్దని చెప్పే జాబితాలో) పెట్టేశాడు. బయటి డ్రైవర్ ఏ కెర్నల్ మీద కంపైల్ చేస్తే దానికే పని చేస్తుంది. కెర్నల్ మారినప్పుడల్లా దానంతటదే మళ్లీ కంపైల్ అవ్వాలంటే డీకేఎంఎస్ అనే ఏర్పాటు ఉంది, అదీ చేయలేదు. కెర్నల్ మారింది, అతని డ్రైవర్ పోయింది, అసలు డ్రైవర్‌కి దారి మూసేసి ఉంది. ఇంకొకటి, నెట్‌వర్క్ మేనేజర్ నడుస్తుండగానే అలాగే నెట్ కలిపే డీహెచ్‌సీపీసీడీ అనే సర్వీసు కూడా ఆన్ చేసి వదిలాడు. రెండూ ఒకే కనెక్షన్‌ని పట్టుకుంటే అవి ఒకదానికొకటి అడ్డం పడతాయి. నెట్ మధ్యమధ్యలో తెగుతుంటే మా ఇంటి రౌటర్‌ని అనుమానించాను.

అతని డ్రైవర్, బ్లాక్‌లిస్ట్ ఫైలు తీసేసి, ఆ రెండో సర్వీసు ఆపేశాం. అప్పటి నుంచి మూడు అప్‌డేట్లు అయ్యాయి, వైఫై కదల్లేదు.

కొనేటప్పుడు ల్యాప్‌టాప్ వెంట తీసుకెళ్లండి. డబ్బులివ్వక ముందే షాపులోనే డాంగిల్ పెట్టించి, టెర్మినల్‌లో (కమాండ్లు టైప్ చేసే విండోలో) "ఐపీ లింక్" (ip link) కమాండ్ కొట్టండి. "డబ్ల్యూఎల్" (wl)తో మొదలయ్యే పేరు కొత్తగా కనిపిస్తే తీసుకోవచ్చు. పెట్టి చూపించం అంటే ఆ షాపు వదిలేయండి. ఒకే మోడల్ నంబరుతో వెర్షన్ మార్చి లోపల వేరే చిప్ పెట్టే డాంగిళ్లు కూడా ఉన్నాయి, కాబట్టి నెట్‌లో ఎవరో బాగుందన్నారని మోడల్ పేరు ఒక్కటీ నమ్మకండి. బాగుచేసేవాళ్లు డ్రైవర్ అంటే, కెర్నల్‌లో ఉన్నదా బయటిదా, బయటిదైతే డీకేఎంఎస్‌తో పెడతారా అని అడిగాకే ల్యాప్‌టాప్ చేతికివ్వండి.

బిల్లు మీద మోడల్, వెర్షన్, "లైనక్స్‌లో పని చేస్తుంది" అన్న మాట రాయించుకోండి. లోపమున్న వస్తువుని బిల్లులో చెప్పిన గడువులో, గడువు రాయకపోతే 30 రోజుల్లో వెనక్కి తీసుకోకపోవడం 2019 వినియోగదారుల రక్షణ చట్టం ప్రకారం అనుచిత వ్యాపార పద్ధతి. వినియోగదారుల హెల్ప్‌లైన్ నంబరు 1915. నా బిల్లు మీద "వైఫై – 1" అని మాత్రమే ఉంది. దాంతో ఏ డాంగిల్ కొన్నానో కూడా నేను చూపించలేను.