సీహెచ్‌డీ: ముప్ఫై ట్రాకుల డిస్కు ఒక్క ఫైలులో

పీఎస్‌1 (మొదటి ప్లేస్టేషన్), సెగా శాటర్న్ గేము డిస్కుల కాపీలన్నీ చాలాకాలంగా సీహెచ్‌డీలోనే (డిస్కు కాపీని కుదించి దాచే ఫైలు రకం) ఉంచుకుంటున్నాను. సైజు తగ్గడం సరే, నాకు బాగా నచ్చింది వేరే. ఒక క్యూ షీటు (ట్రాకుల జాబితా), దాని వెనక ఇరవై ముప్ఫై బిన్ ట్రాకులు (అసలు డేటా ఉండే ఫైళ్లు), అంతా కలిసి ఒకే ఫైలవుతుంది. బిన్ పేరు మారి, క్యూలో పాత పేరే ఉండిపోయి గేమ్ తెరుచుకోకపోవడమనే బెడద ఇక లేదు.

ఆడియో ట్రాకుల్ని ఫ్లాక్‌తో (నాణ్యత పోకుండా ఆడియోను కుదించే పద్ధతి) కుదిస్తుంది. మామూలు జిప్‌కి అవి పెద్దగా లొంగవు. డేటా సెక్టార్లలో (డిస్కు డేటా ఉండే చిన్న ముక్కలు) 12 బైట్ల సింక్ (సెక్టారు మొదలైందనే గుర్తు), 276 బైట్ల ఈసీసీ (తప్పుల్ని సరిచేసే కోడు) లెక్కగట్టి రాబట్టగలిగినవైతే వాటిని అసలు దాచదు. అయినా సీహెచ్‌డీలు తయారుచేసే సీహెచ్‌డీమ్యాన్ ప్రోగ్రాంలోని ఎక్స్‌ట్రాక్ట్‌సీడీ కమాండుతో విప్పితే డేటా పోగొట్టుకోకుండా తిరిగొస్తుంది. కాకపోతే మామూలుగా విప్పితే ట్రాకులన్నీ ఒకే బిన్‌లో పడతాయి. ఫైలు హెడర్‌లో షా-1 (డేటా మారిందో లేదో సరిచూసే సంకేతం) ఉంటుంది కనుక కాపీ చేశాక వెరిఫై నడిపితే పాడైన ఫైలు అప్పుడే బయటపడుతుంది.

చిక్కల్లా పీఎస్‌పీ (సోనీ చేతి గేమ్ కన్సోల్) దగ్గరే. దాని ఐఎస్‌ఓల్ని (కుదించని డిస్కు కాపీలు) కూడా సీడీలకు వాడే క్రియేట్‌సీడీ కమాండుతోనే మారిస్తే ఫోన్‌లో వీడియో సీన్లు ఆగి ఆగి నడిచాయి. కారణం హంక్ సైజు, అంటే ఒక్కసారిగా కుదించే ముక్క సైజు. ఆ కమాండు 2448 బైట్ల ఫ్రేములు ఎనిమిదింటిని కలిపి 19,584 బైట్ల హంకుగా బిగిస్తుంది. ఎమ్యులేటర్‌కి (ఫోన్‌లో కన్సోల్ గేములు నడిపే యాప్) కావాల్సింది 2048 బైట్ల సెక్టారు ఒక్కటే అయినా హంకు మొత్తం విప్పక తప్పదు. అందుకే పీఎస్‌పీకి క్రియేట్‌డీవీడీ వాడి, హంక్ సైజు 2048 అని ఇవ్వాలి. కుదింపు కాస్త తగ్గుతుంది, ఆటంకం మాత్రం పోతుంది. పాత సీహెచ్‌డీమ్యాన్‌లో ఈ కమాండు ఉండదు, ముందు కొత్తది దించుకోండి. ఐఎస్‌ఓ అసలు ప్రతిని గేమ్ పూర్తిగా నడిచిందని తేలేదాకా చెరపొద్దు.

ఒక్క ఫైలు అన్నాను గానీ, యూరప్ పాల్ (అక్కడి టీవీ పద్ధతి) పీఎస్‌1 గేములు కొన్నింటికి అది చాలదు. లిబ్‌క్రిప్ట్ అనే కాపీ రక్షణకు కావాల్సిన సబ్‌ఛానెల్ సమాచారం (డిస్కులో మామూలు డేటాతో పాటు ఉండే అదనపు సమాచారం) బిన్‌లోనే ఉండదు, ఇక సీహెచ్‌డీలోకి ఎక్కడ నుంచి వస్తుంది? సరిగ్గా సీహెచ్‌డీ పేరుతోనే, ఆ సమాచారం ఉన్న ఎస్‌బీఐ ఫైలు పక్కన పెట్టాల్సిందే. నింటెండో గేమ్‌క్యూబ్, వీ గేములకైతే డాల్ఫిన్ ఎమ్యులేటర్‌లో ఆర్‌వీజెడ్ (దాని సొంత కుదింపు ఫైలు రకం) వాడండి, డాల్ఫిన్ సీహెచ్‌డీ తెరవదు.

నా దగ్గరున్నవి ఎక్కువగా ఆడియో ట్రాకుల సీడీలు కాబట్టి నాకిది అతికినట్టు సరిపోయింది. పీఎస్‌పీ ఒక్కటే ఆడుతూ, సీఎస్‌ఓలు (కుదించిన ఐఎస్‌ఓలు) ఇప్పటికే సాఫీగా నడుస్తున్నవాళ్లు కూర్చుని అన్నీ మార్చుకోవాల్సినంత లాభం నాకైతే కనిపించలేదు.