షార్లెట్ సమ్‌టైమ్స్: పక్క మంచం పిల్ల కూడా పోల్చుకోకపోతే?

ఇంగ్లండ్‌లో కాలం జారిపోయే కథలు పిల్లల కోసం చాలానే రాశారు. పడుకుని లేచేసరికో, తలుపు తీసేసరికో పిల్లలు పాత కాలంలోకి వెళ్లిపడతారు. వాటిలో ఒక్కటే ఎంచుకోమంటే నేను పెనెలొపీ ఫార్మర్ రాసిన 'షార్లెట్ సమ్‌టైమ్స్' తీస్తాను. 1969లో వచ్చిన నవల ఇది. నేను ఆడపిల్లల గురుకులంలో ఇంగ్లిష్ టీచర్‌ని. మా ఎనిమిదో తరగతి పిల్లలకు రాత్రి స్టడీ అవర్ అయ్యాక దీన్ని కొంచెం ఇంగ్లిష్‌లో చదివి, మిగతాది తెలుగులో చెబుతూ పూర్తి చేశాను. లైట్లు ఆర్పే టైమయిందని వార్డెన్ రెండుసార్లు కేకేసినా పిల్లలు లేవలేదంటే, పుస్తకం ఎలా పట్టుకుందో అర్థం చేసుకోవచ్చు.

షార్లెట్ మేక్‌పీస్ బోర్డింగ్ స్కూల్లో కొత్తగా చేరుతుంది. మొదటి రాత్రి ఆమెకు చిన్న చక్రాలున్న పాత ఇనుప మంచం దొరుకుతుంది. తెల్లారి లేస్తే స్కూలు అదే, మంచం అదే, పక్క మంచం మీద పిల్ల మాత్రం వేరు. ఆ పిల్ల పేరు ఎమిలీ. షార్లెట్‌ని చూసి 'క్లేర్' అని పిలుస్తుంది. నలభై ఏళ్లకు పైగా వెనక్కి, 1918లోకి వెళ్లిపోయింది షార్లెట్. మొదటి ప్రపంచ యుద్ధం ఇంకా సాగుతోంది. అప్పటి క్లేర్ మోబీ ఇటు షార్లెట్ కాలంలోకి వస్తుంది. మర్నాడు మళ్లీ తారుమారు. ఒకరోజు ఇక్కడ, ఒకరోజు అక్కడ. నిన్న క్లాసులో ఏం చెప్పారో తెలియదు, నిన్న ఎవరితో ఏం మాట్లాడారో తెలియదు. ఇద్దరూ ఒకరికొకరు నోట్‌బుక్‌లో రాసి పెట్టుకుంటూ ఎలాగో నెట్టుకొస్తారు. కథ మొత్తంలో వాళ్లిద్దరూ ఒక్కసారి కూడా ఎదురుపడరు.

దయ్యాలు, మంత్రాలు ఏమీ లేకుండానే ఈ కథ భయపెడుతుంది. షార్లెట్‌ని భయపెట్టేది 1918 కాదు, తను తను కాదని అక్కడ ఎవరూ కనిపెట్టకపోవడం. టీచర్లు క్లేర్ అంటారు, తోటి పిల్లలు క్లేర్ అంటారు, క్లేర్ సొంత చెల్లెలు ఎమిలీ కూడా మొదట్లో క్లేర్ అనుకునే కొట్లాడుతుంది. ఇటు తన కాలంలోనూ అంతే. క్లేర్ వచ్చి తన మంచం మీద పడుకుని, తన యూనిఫామ్ వేసుకుని తిరిగితే షార్లెట్ అనే పిల్ల లేదన్న సంగతి ఎవరికీ తట్టదు. అంతమంది నన్ను క్లేర్ అనుకుంటే నేను షార్లెట్‌నని చెప్పడానికి నా దగ్గర ఏముంది? ఈ ప్రశ్న ఆ పిల్లను లోపల్లోపల తొలిచేస్తుంది. రచయిత్రి దీన్ని ఎక్కడా ఉపన్యాసంగా చెప్పలేదు. షార్లెట్ క్లేర్‌లా మాట్లాడటం, క్లేర్‌లా ఆలోచించడం మెల్లమెల్లగా అలవాటయిపోతుంటే చదివే మనకే గాభరా పుడుతుంది.

హాస్టల్లో ఉన్న పిల్లకు దీన్ని విడమరిచి చెప్పక్కర్లేదు. మా దగ్గర అందరికీ ఒకటే రంగు డ్రెస్సు, రెండు జడలు, ఒకేలాంటి రిబ్బన్లు. జూన్‌లో చేరిన పిల్లలను పేరు పెట్టి పిలవడానికి మాకే దసరా సెలవులు వచ్చేస్తాయి. ఈ భాగం చదువుతున్నప్పుడు, ఎప్పుడూ నోరు విప్పని ఒక అమ్మాయి "మేడం, మంచం మీద వేరే పిల్ల ఉంటే మీరు పోల్చుకుంటారా?" అని అడిగింది. అప్పటికి ఆ గదిలో ఎవరికీ నిద్ర లేదు.

పోల్చుకునేవాళ్లు ఈ నవలలో లేకపోలేదు. అసలు నవలకు ప్రాణం వాళ్లే. 1918లో ఎమిలీకి సంగతి తెలుస్తుంది. మొండి పిల్ల, పెంకి పిల్ల, అయినా షార్లెట్ బాధ్యత తనదే అన్నట్టు ఉంటుంది. ఇటువైపు ఎలిజబెత్ అని ఒక గదిమేటు. ఎవరూ పట్టించుకోని ఆ పిల్ల తన మానాన తను గమనించి, షార్లెట్ బదులు ఇంకెవరో వస్తున్నారని కనిపెడుతుంది.

మధ్యలో షార్లెట్, ఎమిలీలను స్కూలు బయట చిజెల్ బ్రౌన్ వాళ్లింట్లో ఉంచుతారు. మంచం స్కూల్లోనే ఉండిపోతుంది కాబట్టి షార్లెట్‌కి వెనక్కి వచ్చే దారి మూసుకుపోతుంది. ఆ ఇంటి కొడుకు ఆర్థర్ యుద్ధంలో చనిపోయాడు. అతని సోదరి మిస్ ఆగ్నెస్ అతని బొమ్మలు ఈ పిల్లలకు ఆడుకోవడానికి ఇస్తుంది. ఒకరోజు ఆ ఇంట్లో ఆర్థర్ ఆత్మతో మాట్లాడాలని పెద్దవాళ్లంతా కూర్చుంటారు. వాళ్లు పిలిచిన కొడుకు పలకడు. ఎమిలీ కోసం ఏడుస్తున్న క్లేర్ గొంతు వినిపిస్తుంది. చాటు నుంచి అది వింటున్నది ఎమిలీయే. ఈ ఘట్టం నేను ఇంగ్లిష్‌లోనే చదివాను, తెలుగులో చెప్పడానికి ప్రయత్నించలేదు. పిల్లలకు ప్రతి మాటా తెలియకపోయినా అర్థమయింది.

ఇది రాసినావిడ కవల పిల్ల. తోబుట్టువు పుట్టాక గానీ కడుపులో ఇంకో బిడ్డ ఉందని తల్లిదండ్రులకూ, ఆసుపత్రి వాళ్లకూ తెలియలేదట. ఆ సంగతి తెలిశాక మళ్లీ చదివితే షార్లెట్ భయం ఎక్కడి నుంచి వచ్చిందో తెలుస్తుంది.

లోపాలు లేవని అనను. చిజెల్ బ్రౌన్ ఇంట్లో కథ బాగా నెమ్మదిస్తుంది, అక్కడ మా పిల్లలు కొందరు ఆవలించారు. అంతకంటే పెద్ద లోటు క్లేర్ విషయంలో. కథంతా షార్లెట్ వెంటే నడుస్తుంది. నలభై ఏళ్లు ముందుకొచ్చి పడిన క్లేర్ ఏం చూసింది, చెల్లెలు లేని ఆ కాలంలో ఎలా గడిపింది, రచయిత్రి మనకు చూపించదు. "పాపం ఆమె కదా మేడం ఒంటరిగా ఉన్నది" అని మా పిల్లలు క్లేర్ పక్షాన నిలబడ్డారు. నేనూ వాళ్ల పక్షమే.

ముగింపు తెలియకూడదనుకునేవాళ్లు ఇక్కడితో ఆపేయండి.

యుద్ధం ముగుస్తుంది, కానీ క్లేర్ బతకదు. ఫ్లూతో పోతుంది. 1918 ఫ్లూ మన దేశంలోనూ కోటి మందికి పైగా ప్రాణాలు తీసింది కాబట్టి ఇది మనకు పరాయి సంగతి కాదు. ఇంట్లో ఈమధ్య ఎవరినైనా పోగొట్టుకున్న పిల్లలుంటే పుస్తకం చేతికిచ్చి వదిలేయకుండా పక్కన కూర్చుని చదవండి. ఏడు, ఎనిమిది తరగతుల పిల్లలకు సరిపోతుంది. తెలుగు మీడియం నుంచి వచ్చినవాళ్లకు మొదటి అధ్యాయాల్లో పెద్దవాళ్ల సాయం కావాలి.

కొనేముందు ఒకటి చూసుకోండి. 1985లో రచయిత్రి దీన్ని సవరించి, చివరి ఘట్టాలు కొన్ని తీసేశారు. తీసేసిన వాటిలో ఒకటి, పెద్దదైపోయిన ఎమిలీ ఇన్నేళ్ల తర్వాత షార్లెట్‌కి పంపిన పార్సిల్. ఎమిలీ షార్లెట్‌ని మర్చిపోలేదని, తన దగ్గర ఉన్నది క్లేర్ కాదు షార్లెటేనని నలభై ఏళ్లపాటు మనసులో పెట్టుకుందని ఆ పార్సిల్ వల్లే తెలుస్తుంది. కథ మొదటి నుంచీ షార్లెట్ ఎదురుచూసింది దానికోసమే కదా. ఎందుకు తీసేశారో నాకు మింగుడుపడలేదు. కొత్త ప్రతి కూడా మంచిదే, అందులోనూ ఎలిజబెత్ ఉంది. కానీ 1985 కంటే ముందు అచ్చయిన ప్రతి సెకండ్ హ్యాండ్‌లో దొరికితే, అట్ట చిరిగి ఉన్నా సరే, దాన్నే తీసుకోండి.