‘ఎల్ వెర్దూగో’ బ్లూ-రే: పెపే ఇస్బెర్ట్ గొంతు కోసం కొనొచ్చు, ముందు మీ ప్లేయరు చూసుకోండి

పాలకొల్లు, భీమవరం, అమలాపురం వైపు సినిమా పిచ్చోళ్ళకి సహాయనటుడి విలువ ఎవరూ చెప్పక్కర్లేదు. అల్లు రామలింగయ్య మన పాలకొల్లువాడే. ‘ముత్యాల ముగ్గు’లో రావు గోపాలరావు డైలాగు కళ్ళు మూసుకుని విన్నా మనిషి ఎదురుగా నిలబడతాడు. స్పెయిన్‌లో ఆ కోవ నటుడు హోసే ఇస్బెర్ట్, ‘ఎల్ వెర్దూగో’ (అంటే తలారి) అనే స్పానిష్ సినిమాలో ముసలి తలారి ఇతనే. జనం పెపే అనేవారు.

1886లో మాడ్రిడ్‌లో పుట్టాడు, నాటకాల్లో హాస్యానికి పేరు తెచ్చుకున్నాడు. 1912లో స్పెయిన్ ప్రధాని కనలేహాస్ హత్య జరిగితే, ఆ ఏడాదే దానిమీద తీసిన మూకీలో హంతకుడి వేషం ఇతనిదే. 1953లో దర్శకుడు బెర్లాంగా సినిమాలో చెవుడున్న ఊరి మేయరు, 1962లో ‘లా గ్రాన్ ఫమీలియా’లో మనవణ్ణి జనంలో తప్పిపోగొట్టుకుని పేరుపెట్టి అరిచే తాత. 1963 నాటికి వయసు 77. మళ్ళీ బెర్లాంగా పిలిచి ఈ సినిమాలో రిటైరవబోయే సర్కారు తలారి అమదేయో వేషం ఇచ్చాడు. ఆ తర్వాత మూడేళ్ళకి ఇస్బెర్ట్ పోయాడు.

అమదేయో క్రూరుడు కాడు, అదే ఈ నటన గొప్పతనం. మెడకి ఇనప పట్టీ బిగించి చంపడమే మర్యాదైన పద్ధతని, కరెంటు కుర్చీ దారుణమని, పాత గుమాస్తా ఫైళ్ళ గురించి చెప్పినంత మామూలుగా వాదిస్తాడు. పనిముట్ల సంచీని శవాల బండిలో మర్చిపోతాడు. సర్కారు ఇల్లు చేజారకూడదని అల్లుడి మెడకి తన ఉద్యోగం తగిలిస్తాడు. ఆ అల్లుడిగా వేసిన హీరో నీనో మాన్‌ఫ్రేదీ ఇటలీ నటుడు, అతనికి వేరొకరు డబ్బింగ్ చెప్పారు. ఆ నున్నటి గొంతు పక్కన ఇస్బెర్ట్ బొంగురు గొంతు గరగరలాడుతుంటే ఎవరి మాట నెగ్గుతుందో వేరే చెప్పాలా!

పాత సినిమాల డిస్కులు తెచ్చే అమెరికా కంపెనీ క్రైటీరియన్ వాళ్ళు 2016లో తెచ్చిన ఈ డిస్కులో బొమ్మ శుభ్రంగా ఉంది, శబ్దం మోనో, అంటే ఒకే చానెల్. అదనపు భాగాల్లో స్పెయిన్ దర్శకుడు అల్మొదోవర్ మాట్లాడింది వదలొద్దు.

చిక్కల్లా రీజియన్‌తో, అంటే ఏ ప్రాంతపు ప్లేయర్లో తిరగాలో డిస్కుకి పెట్టే తాళంతో. బ్లూ-రేకి అమెరికా ఏ, యూరప్ బి, మన దేశం సి. ఇది ఏకి లాక్ చేసిన డిస్కు, మన దగ్గర కొన్న మామూలు ప్లేయర్లో తిరగదు. డిస్కు పాడైందనుకుని వెనక్కి పంపకండి. అన్ని రీజియన్ల డిస్కులూ తిప్పే మల్టీరీజియన్ ప్లేయరు కావాలి. కొనేటప్పుడు ‘రీజియన్ ఫ్రీ’ అన్నది డీవీడీకేనా, బ్లూ-రేకి కూడానా అని గట్టిగా అడగండి, చాలావాటిలో డీవీడీ వరకే ఉంటుంది. అమెరికా నుంచి చుట్టాలతో తెప్పించుకుంటే వెనక 100-240 వోల్టులని రాసుందో లేదో చూడాలి. 110 మాత్రమే ఉంటే ట్రాన్స్‌ఫార్మర్ లేకుండా మన 230కి పెట్టారా, కాలిపోతుంది.

యూరప్ డీవీడీ చవగ్గా వస్తుందని ఆశపడేవాళ్ళకి ఒక మాట. సినిమా తీసింది సెకనుకి 24 ఫ్రేములతో, అక్కడి టీవీ పద్ధతి పాల్ (PAL) ప్రకారం చేసిన డీవీడీ తిప్పేది 25తో. 92 నిమిషాల సినిమా 88కి వచ్చేస్తుంది. పిచ్ (గొంతు స్థాయి) సరిచేయకపోతే గొంతు కాస్త సన్నబడుతుంది. మిగతా నటుల విషయంలో పట్టించుకోనక్కర్లేదుగానీ, ఇస్బెర్ట్ బొంగురే పలచబడితే ఇక డిస్కు దేనికి?

టీవీలో సరౌండ్, స్టేడియం లాంటి మోడ్‌లన్నీ తీసేయండి, మోనోకి ప్రతిధ్వని తగిలితే అతని మాట ముద్దైపోతుంది. సీలింగ్ ఫ్యాను హోరు కూడా సరిగ్గా ఆ గొంతునే మింగేస్తుంది, ఒక పాయింటు తగ్గించుకోండి. సబ్‌టైటిల్స్ ఇంగ్లీషులోనే. బెర్లాంగా ఒకే షాటులో నలుగురైదుగురిని ఒకేసారి మాట్లాడిస్తాడు, కింద పడేది ఒకరిద్దరి మాటలే. రెండోసారి సబ్‌టైటిల్స్ ఆపేసి ఇస్బెర్ట్ చేతులు చూడండి.

కోనసీమ చెమ్మకి డిస్కుకన్నా ముందు లోపలి కాగితం బూజు పడుతుంది. కేసుతో సహా జిప్ కవర్లో పెట్టి సిలికా జెల్ పొట్లం పడేయండి. తుడిచేటప్పుడు మెత్తటి బట్టతో మధ్య నుంచి అంచుకి నిలువుగా లాగాలి, గుండ్రంగా రుద్దకూడదు.

ప్లేయరు ఉన్నవాళ్ళు కళ్ళు మూసుకుని కొనేయొచ్చు. ఈ ఒక్క డిస్కు కోసమే ప్లేయరు కొనాలంటే మాత్రం ఇద్దరు ముగ్గురు కలిసి కొనుక్కోండి, ఒక్కరికి దండగ.