పంచ్ బ్రదర్స్: ముందు ఏ ఆల్బమ్ వినాలి?
బ్లూగ్రాస్ అనే అమెరికన్ జానపద సంగీతం అంటే మూడు నిమిషాల్లో అయిపోయే పల్లె పాట అనుకునేవాళ్లకి ఈ అమెరికన్ బ్యాండ్ పెద్ద షాకే. వాయిద్యాలు మాత్రం పాతవే: మాండలిన్, ఫిడిల్, బాంజో, గిటార్, బేస్.

2008లో వచ్చిన ‘పంచ్’లో బ్యాండ్ గాయకుడు, మాండలిన్ వాయించే క్రిస్ థీలీ రాసిన నాలుగు భాగాల రచన ఒక్కటే దాదాపు 40 నిమిషాలు ఉంటుంది, అదీ తన విడాకుల బాధలోంచి పుట్టింది, పైగా చాలావరకు క్లాసికల్ వాళ్లలా ముందే నొటేషన్ రాసుకుని వాయించారు, కాబట్టి వంట చేసుకుంటూ వినే సరుకు కాదు. నేను మొదటిసారి సగంలోనే ఆపేశాను.

2015 నాటి ‘ది ఫాస్ఫరెసెంట్ బ్లూస్’ కూడా పది నిమిషాలు దాటే పాటతోనే మొదలవుతుంది కానీ, అందులో గొంతులన్నీ కలిసే చోటు వచ్చేసరికి నిడివి సంగతే మర్చిపోతాం. ఫోన్ తెరల వెలుగులో పక్కవాళ్లకి దూరమైపోవడం గురించి కాబట్టి ఎవరికైనా తగులుతుంది. మధ్యలో క్లాసికల్ స్వరకర్తలు దెబ్యుస్సీ, స్క్రియాబిన్‌ల స్వరరచనలు కూడా వాయించారు. నిర్మాత టీ బోన్ బర్నెట్. కొన్ని పాటల్లో డ్రమ్స్ కూడా ఉన్నాయి, సంప్రదాయ బ్లూగ్రాస్ అభిమానులకి అదే మింగుడు పడదు!

కొత్తవాళ్లయితే రెండోదే ముందు వినండి. నేను మాత్రం ఇప్పటికీ ‘పంచ్’కే ఎక్కువసార్లు వెళ్తుంటాను, హెడ్‌ఫోన్స్ పెట్టుకుని, తలుపు వేసుకుని.