నంబా: లూపులు రాయడానికి ఇక భయం లేదు

వర్షపాతం గ్రిడ్ డేటా మీద నేను చేసే లెక్కలో మూడు లూపులు ఒకదానిలో ఒకటి ఉంటాయి. మామూలు పైథాన్‌లో రన్ పెట్టి, టీ తాగి వచ్చినా అయ్యేది కాదు. అంతా సీ భాషలో మళ్లీ రాయాలేమో అని టెన్షన్ పడ్డాను. చివరికి పైథాన్ కోడ్‌ను వేగంగా నడిపే నంబా అనే లైబ్రరీ తీసుకుని, ఫంక్షన్ పైన దాని ఎన్‌జిట్ (@njit) అనే ఒక్క డెకరేటర్, అంటే ఫంక్షన్ పైన రాసే ఒక లైను, పెట్టాను, అంతే. ఇప్పుడు రెండు మూడు సెకన్లు! అప్పటి నుంచి లూపులున్న ప్రతి లెక్కకూ ముందు దీన్నే పెట్టి చూస్తున్నాను.

నంబా 2012 నుంచి ఉంది, ఉచితం. ఫంక్షన్‌ను మొదటిసారి పిలిచినప్పుడు ఆర్గ్యుమెంట్ల టైపులు చూసి, ఎల్‌ఎల్‌విఎం (LLVM) అనే కంపైలర్ సాఫ్ట్‌వేర్ సాయంతో అప్పటికప్పుడు ప్రాసెసర్ నేరుగా నడిపే మెషిన్ కోడ్ తయారు చేస్తుంది. అందుకే మొదటి కాల్ నెమ్మది. ఇంటిజర్ల బదులు ఫ్లోట్లు ఇస్తే మళ్లీ కంపైల్ అవుతుంది. క్యాష్ ఆప్షన్ పెడితే ఆ కోడ్ డిస్క్‌లో ఉండిపోతుంది, రేపు మళ్లీ ఎదురుచూడక్కర్లేదు. వేగం కొలిచేటప్పుడు మాత్రం మొదటి కాల్‌ను లెక్కలోకి తీసుకోకండి.

పాండాస్ లైబ్రరీలోని డేటాఫ్రేమ్‌లు (పట్టికలు) నంబాకు అర్థం కావు, నంపై (NumPy) లైబ్రరీ అర్రేలుగా మార్చి ఇవ్వాలి. టైపు కుదరకపోతే వచ్చే ఎర్రర్ మెసేజ్ చాంతాడంత ఉంటుంది. ఓపిగ్గా కింది వరకూ చదివితే, తేడా ఏ లైన్‌లో ఉందో అక్కడే దొరుకుతుంది.