గండికోటలో టెలిస్కోపు: 1,600 ఎక్కడ పోయాయి, శని ఎక్కడ కనిపించాడు

గండికోట వెళ్లేవాళ్లకు ముందే చెబుతున్నాను. స్టార్ గేజింగ్ అని విడిగా డబ్బు అడిగితే, టెలిస్కోపు అద్దం ఎంత వెడల్పు, ఎన్ని గంటలకు మొదలుపెడతారు అని అడగకుండా ఒక్క రూపాయి ఇవ్వకండి. మేం అడగలేదు. మనిషికి 400 చొప్పున నలుగురికి 1,600 ఇచ్చేశాం.

2025 జనవరి 25, శనివారం. అమావాస్యకు ఇంకా నాలుగు రోజులు, చంద్రుడు తెల్లవారుజామున గానీ రాడు. గ్రహాలన్నీ వరసగా కనిపిస్తాయని ఆ నెలంతా పేపర్లలో, ఫోన్లలో ఒకటే వార్తలు. మా మేనకోడలికి పదేళ్లు. శని చుట్టూ ఉన్న వలయం చూడాల్సిందేనని పట్టుబట్టింది. అక్క, బావ, పాప, నేను మధ్యాహ్నం కడపలో కారెక్కాం. జమ్మలమడుగులో టీ తాగి, అక్కడి నుంచి 15 కిలోమీటర్లు. దారి బాగానే ఉంది.

టూరిజం వాళ్ల హరిత హోటల్లో గదులు నిండిపోయాయి. కోట బయట టెంట్లు వేసే ఒకాయన దగ్గరికి వెళ్లాం. టెంటుకు 1,500, మాకు రెండు కావాలి కాబట్టి 3,000. చలిమంటకు 500. పద్నాలుగు టెంట్లకు బాత్‌రూం ఒక్కటే, అందులో బకెట్ ఉంది కానీ చెంబు లేదు. అది చూశాక అక్క రాత్రి భోజనం దాకా ఎవరితోనూ మాట్లాడలేదు. "నీ మాట విని వచ్చినాం" అని బావ రెండుసార్లు అన్నాడు. అవన్నీ భరించొచ్చు. నాకు కడుపు మండింది టెలిస్కోపు దగ్గర.

"అన్నా, శని వలయం క్లియర్‌గా చూపిస్తాం, 300 రెట్లు పెద్దగా కనపడుతుంది" అన్నాడు నిర్వాహకుడు. ఏడింటికి చూపించమంటే, అందరూ తిన్నాక అన్నాడు. తిన్నాక, పాటలు అయ్యాక అన్నాడు. చివరికి 9.15కి మొదలైంది. మూడు సన్నటి కాళ్ల స్టాండు మీద ఒక పొట్టి గొట్టం. ముందున్న అద్దం వెడల్పు 70 మిల్లీమీటర్లు, ఫోకల్ దూరం, అంటే అద్దం నుంచి బొమ్మ ఏర్పడే చోటికి ఉండే దూరం, 400 అని దాని మీదే రాసి ఉంది. వరసలో ముప్పై మంది. మా వంతు వచ్చేసరికి గురుడి మీద పెట్టాడు. పాప కన్ను ఆనించగానే స్టాండు ఊగింది, గురుడు పక్కకు పోయాడు. మళ్లీ పెట్టాడు, మళ్లీ పోయాడు. మూడోసారి నేను చూశాను. అంచు చుట్టూ ఊదారంగు పూసుకుని, నీళ్లలో పడిన పిండిముద్దలా ఊగుతూ ఒక గుండ్రటి మసక. శని ఏడీ అంటే "మబ్బు పట్టింది అన్నా" అన్నాడు. ఆకాశంలో మబ్బు తునక లేదు. పిల్లలకోడి చుక్కల గుంపు కూడా స్పష్టంగా కనిపిస్తోంది. డబ్బు వెనక్కి ఇమ్మంటే, ఎవరికీ ఇవ్వలేదు, మీకెట్లా ఇస్తాం అన్నాడు. పాప ఏడవలేదు. వెళ్లి కారులో కూర్చుంది.

టీ బంకు దగ్గర ఒక అవ్వ మా గొడవంతా వింటూ ఉంది. "ఆడ రోడ్డు పక్కన సారు గొట్టం పెట్టుకోని ఉంటాడు, పోండి, దుడ్లు తీసుకోడు" అంది. కారులో ఐదు నిమిషాలు. హెడ్‌లైట్లు ఆర్పమని చీకట్లోంచి ఒక గొంతు వినిపించింది.

ఆయన రిటైరైన ఫిజిక్స్ సార్. చుట్టూ ఊరి పిల్లలు ఏడెనిమిది మంది. టెలిస్కోపును చేత్తో తడిమితే బోరుబావికి దించే కేసింగ్ పైపు! నాలుగడుగుల పైచిలుకు ముక్క. కింద ప్లైవుడ్ పెట్టె, దాని మీద ఫిరంగిలా అటూ ఇటూ తిరుగుతుంది. వేలితో తోస్తే కదులుతుంది, వదిలిన చోట ఆగుతుంది. పైపు అడుగున ఆరంగుళాల అద్దం, ఆయన సొంతంగా అరగదీసుకున్నది. రెండు గాజు బిళ్లల మధ్య కార్బొరండం పొడి, నీళ్లు పోసి నెలల తరబడి రుద్దారట. మధ్యలో పడిన గుంత లోతు ఒక మిల్లీమీటరుకు కాస్త ఎక్కువ, అంతే. దాని మీద అల్యూమినియం పూత.

నేను టెంట్ల దగ్గర జరిగింది చెప్పాను. ఆయన నవ్వలేదు. ఆ గొట్టం కొలతలు అడిగారు. "మన భాషలో రెంటినీ అద్దమే అంటాం సార్. వాళ్లది వెలుతురును లోపలికి పోనిచ్చి వంచే అద్దం, కటకం. నాది వెలుతురును తిప్పికొట్టే అద్దం, దర్పణం" అన్నారు. గాజులోంచి పోయేటప్పుడు నీలం ఎక్కువ వంగుతుంది, ఎరుపు తక్కువ వంగుతుంది. రెండూ ఒకే చోట కలవవు. మేం చూసిన ఊదా అంచు అదే. దర్పణం మీద పడిన వెలుతురు గాజులోకి పోదు, పూత మీదే తిరిగొస్తుంది. అన్ని రంగులూ ఒకే కోణంలో తిరుగుతాయి కాబట్టి అద్దం వల్ల రంగులు విడిపోవు. 1668లో న్యూటన్ అద్దం టెలిస్కోపు చేసుకున్నది ఈ బాధ తప్పించుకోవడానికేనట. తర్వాత రెండు రకాల గాజులు జతచేసి కటకాల్లోనూ ఆ రంగును చాలావరకు తగ్గించారు. కానీ పొట్టి గొట్టం, చౌక కటకం అయితే అది మళ్లీ బయటపడుతుంది.

300 రెట్ల సంగతి కూడా అప్పుడే తెలిసింది. గొట్టం ఫోకల్ దూరం 400ను, కంటి దగ్గర పెట్టే కటకం ఫోకల్ దూరం 4తో భాగిస్తే 100. దానికి మూడు రెట్లు చేసే ఇంకో కటకం తగిలిస్తే 300. లెక్క నిజమే. కానీ అద్దం వెడల్పు ఎన్ని మిల్లీమీటర్లో దానికి రెట్టింపు దాటితే కొత్తగా ఏమీ కనబడదు, ఉన్న మసకే పెద్దదవుతుంది. 70కి 140తో సరి. సార్ మాకు చూపించింది 48 రెట్లే. ఆయన అద్దం మీద పడే వెలుతురు మాత్రం ఆ చిన్నదాని కంటే నాలుగున్నర రెట్లు ఎక్కువ.

గురుడు కనిపించాడు. అంచు తెగ్గోసినట్టు ఉంది, ఒంటి మీద రెండు గోధుమరంగు చారలు. పక్కన నాలుగు చుక్కలు. 1610 జనవరిలో గెలీలియో చిన్న కటకాల గొట్టంతో చూసిన నాలుగు ఉపగ్రహాలు ఇవేనని సార్ చెప్పారు. పాప చాలాసేపు కన్ను తీయలేదు.

"ఇప్పుడు గొట్టం ముందర నీ చెయ్యి అడ్డం పెట్టు పాపా. కనపడ్తాందా?" అని అడిగారు సార్. పెట్టింది. గురుడు సగం తెగిపోతాడని నేనూ అనుకున్నాను. తెగలేదు, కాస్త మసకబారాడు. అద్దంలో ప్రతి ముక్కా మొత్తం బొమ్మనే చేస్తుందట, ఒక ముక్క మూస్తే వెలుతురు తగ్గుతుంది గానీ బొమ్మ తెగదు. పైపు నోటి దగ్గర వెలుతురును పక్కకు మళ్లించే చిన్న అద్దం 45 డిగ్రీల వాలులో ఉంటుంది. అది అడ్డొచ్చినా మనకు కనబడకపోవడం కూడా ఇందుకే. నమ్మకపోతే చూడమని ఒక నక్షత్రం మీద పెట్టి ఫోకస్ చెడగొట్టారు. నక్షత్రం ఉబ్బి మినప గారెలా అయింది, మధ్యలో నల్లటి బెజ్జం. ఆ బెజ్జం చిన్న అద్దం నీడ. ఇంత విడమరచి ఎవరైనా నాకు బడిలో చెప్పి ఉంటే ఎంత బాగుండేది!

మరి శని? "తొమ్మిదింటి ప్రాంతంలోనే దిగిపోయినాడు గదా సార్. తొమ్మిదింబావుకు ఎవరూ చూపించలేరు" అన్నారు. మబ్బు పట్టింది అన్న మనిషికి ఈ సంగతి తెలియకుండా ఉంటుందా? ఆకాశం చూపించి డబ్బు తీసుకునేవాడికి గ్రహం ఎప్పుడు అస్తమిస్తుందో తెలియాలి. తెలిసీ తిన్నాక, పాటలయ్యాక అని జరిపితే అది మోసమే.

ఆదివారం పొద్దున తిరిగి వెళ్లిపోవాల్సింది, సార్ సాయంత్రం రమ్మన్నారని ఆగాం. పగలంతా పెన్నా లోయ, మాధవరాయస్వామి గుడి, జుమ్మా మసీదు, ధాన్యాగారం. అన్నీ బాగున్నాయి. మధ్యాహ్నం ఒక ఇంట్లో ముందే చెప్పి వండించుకున్న రాగి సంగటి, నాటుకోడి పులుసు మనిషికి 220, రెండోసారి వడ్డించినా అదే ధర. అక్కకు ప్రాణం లేచొచ్చింది.

ఆరున్నరకే వెళ్లాం. సార్ అప్పటికే పైపును బయట పెట్టి మూత తీశారు. అద్దం పగటి వేడి వదులుకుని బయటి గాలంత చల్లబడకపోతే బొమ్మ ఉడుకుతున్నట్టు కదులుతుందట. ఏడింటికి శని. వలయం విప్పారి లేదు, ఆ ఏడు అది మనకు దాదాపు అంచు చూపిస్తోంది. ఉండ్రాయికి సన్నటి పుల్ల గుచ్చినట్టు. నేను కొంచెం నిరాశపడ్డాను. పాప పడలేదు. "మామా, పుల్ల రెండు పక్కలా ఉంది!" అని అరిచింది. పక్కనే శుక్రుడు సగం కంటే కాస్త తరిగిన చందమామలా ఉన్నాడు.

డబ్బు ఇవ్వబోతే సార్ చేతులు వెనక్కి పెట్టుకున్నారు. అక్క బలవంతాన అరటిపండ్ల అత్తం పిల్లల చేతుల్లో పెట్టింది.

తిరుగు దారిలో బావ ఒక్క మాటా అనలేదు. జమ్మలమడుగు దాటాక కారు పక్కకు ఆపి, తోట దగ్గర కాపలా ఉండే అతనికి ఫోన్ చేశాడు. ఎండిపోయిన బోరు దగ్గర కేసింగ్ పైపు ముక్క ఒకటి మిగలాలి గదా, అది ఏడించులదా, ఎనిమిదించులదా, టార్చి వేసి కొలిచి చెప్పమన్నాడు.