మూడేళ్లు లేఖకుడిగా: ఆర్డర్ ఆఫ్ స్క్రైబ్స్ సమీక్ష

పాచికలు వేస్తూ, పాత్రలుగా మారి కథ నడిపే డంజన్స్ అండ్ డ్రాగన్స్ ఆట ఐదో ఎడిషన్‌లో, 2014 నాటి నియమాల ప్రకారం, విజర్డ్ అనే మాంత్రికుడి పాత్ర రెండో లెవెల్‌కు చేరగానే ఒక సంప్రదాయాన్ని, అంటే ప్రత్యేక శాఖను, స్వీకరించాలి. 2020 నవంబరులో వెలువడిన టాషాస్ కాల్డ్రన్ ఆఫ్ ఎవ్రీథింగ్ అనే నియమాల పుస్తకం ఆ సంప్రదాయాల్లోకి ఆర్డర్ ఆఫ్ స్క్రైబ్స్ పేరుతో లేఖకులను తెచ్చింది. నేను ఆ లేఖకుడి పాత్రలో ఒకే బృందంతో మూడేళ్లకు పైగా, దాదాపు ప్రతి ఆదివారం సాయంత్రం ఆడాను. రెండో లెవెల్‌లో పట్టిన కలాన్ని పదిహేనో లెవెల్‌లో కథ ముగిశాకే దించాను. ఈ వృత్తిని గురించి మాట్లాడేటప్పుడు చాలామంది మంత్రం చేసే హాని రకాన్ని (నిప్పు, చలి వంటివి) మార్చగల శక్తినే ముందుగా ప్రస్తావిస్తారు. అన్నాళ్లు ఆడాక నాకు మాత్రం అంతకన్నా రాయడం, నకలు తీసుకోవడం, రాసుకున్నదాన్ని కాపాడుకోవడం అనే పనులే ఈ పాత్రకు ప్రాణమనిపించాయి.

మొదట కలం సంగతి. ఇతర విజర్డ్‌లు కొత్త మంత్రాన్ని తమ స్పెల్‌బుక్ అనే మంత్రగ్రంథంలోకి ఎక్కించుకోవాలంటే ఆ మంత్రపు ఒక్కో లెవెల్‌కు 2 గంటల సమయం, 50 బంగారు నాణేలు వెచ్చించాలి. లేఖకుడి మాయాకలంతో రాస్తే లెవెల్‌కు 2 నిమిషాలు చాలు, అంటే మూడో లెవెల్ మంత్రానికి 6 గంటల బదులు 6 నిమిషాలు. చదివినప్పుడు ఇదొక చిన్న సౌకర్యంలా తోస్తుంది గానీ, కాపలావాడు గస్తీ తిరిగి వచ్చేలోపు శత్రువు గ్రంథంలోని మంత్రానికి నకలు తీసుకుని, గ్రంథాన్ని ఉన్నచోటే పెట్టి బయటపడిన రోజున దాని విలువ తెలిసింది. కలానికి సిరా అక్కర్లేదు కనుక ఖర్చు కూడా ఉండకూడదని నేను మొదట్లో గట్టిగా వాదించాను. నియమం సమయాన్నే తగ్గించింది తప్ప ఖర్చును ముట్టుకోలేదని ఆటను నడిపించి నియమాలపై తీర్పు చెప్పే మా డంజన్ మాస్టర్ తేల్చారు. ఆయన తీర్పే సరైనదని ఇప్పుడు అనుకుంటున్నాను, ఎందుకంటే ఖర్చు ఉండబట్టే ఏది ఎక్కించాలి, ఏది వదులుకోవాలి అన్న ఆలోచన చివరిదాకా నిలిచింది.

అదే కలంతో రాసిన రాత 5 అడుగుల లోపల ఉంటే, కలం ఈకను దానిమీదుగా ఊపి చెరిపేయవచ్చు. మన తాటాకు మీద గంటంతో గీసిన అక్షరం ఆకు ఉన్నంతకాలం ఉండేదే, మసి పూస్తే మరింత స్పష్టంగా పైకి తేలేదే. ఆ రాత గురించి వింటూ పెరిగినందువల్ల కాబోలు, ఈ చెరిపివేత నన్ను మొదటి నుంచీ ఆకట్టుకుంది. ఒక కోట ద్వారం దగ్గర అనుమతిపత్రం రాసి చూపించి, లోపలికి వెళ్లగానే దాన్ని ఖాళీ కాగితం చేసేశాను.

ఇక మేల్కొన్న గ్రంథం, అంటే చైతన్యం పొందిన లేఖకుడి స్పెల్‌బుక్, విషయం. స్పెల్ స్లాట్ (మంత్రప్రయోగానికి పరిమితంగా దొరికే అవకాశం) వెచ్చించి మంత్రం ప్రయోగించేటప్పుడు అది చేసే హాని రకాన్ని మార్చుకోవచ్చు, అయితే ఆ కొత్త రకం మీ గ్రంథంలోని మరో మంత్రంలో ఉండాలి, ఆ మంత్రం లెవెలూ మీరు వెచ్చించే స్లాట్ లెవెలూ ఒకటే కావాలి. ఈ షరతే నాకున్న ప్రధానమైన అసంతృప్తి. వాంపైరిక్ టచ్ అనే మంత్రాన్ని నేను కేవలం దానిలోని నెక్రోటిక్ (ప్రాణశక్తిని హరించే) హాని కోసం డబ్బు పోసి ఎక్కించుకున్నాను, మూడేళ్లలో ఒక్కసారీ ప్రయోగించలేదు. ప్రయోగించడానికి కాక అరువు తీసుకోవడానికే మంత్రాలు కొనవలసి రావడం లేఖకుడి స్వభావానికి సరిపోయే పని కాదు.

పైగా రకం మారినా మంత్రంలోని మిగతా వాక్యాలు మారవు. ఒక పాత గ్రంథాలయంలో శత్రువులు చుట్టుముట్టినప్పుడు, అరల్లోని ప్రతులు కాలిపోకూడదని ఫైర్‌బాల్ అనే అగ్నిగోళ మంత్రంలోని నిప్పును నెక్రోటిక్‌గా మార్చబోయాను. ఎవరూ ధరించని, మోయని వస్తువులు మండేవైతే అంటుకుంటాయన్న వాక్యం ఇంకా అలాగే ఉందని డంజన్ మాస్టర్ చదివి వినిపించారు. వెంటనే ఆలోచన మార్చుకుని, ఆరో లెవెల్‌లో వచ్చే మానిఫెస్ట్ మైండ్‌ను, అంటే గ్రంథంలోని చైతన్యాన్ని, 60 అడుగుల దూరంలోని అరల వెనక్కి పంపాను. మసక వెలుగు చిమ్ముతూ గాలిలో తేలే అక్షరాల ధారగా దాన్ని ఊహించుకున్నాను. దాని కళ్లతో చూస్తూ, అది ఉన్నచోటు నుంచే మ్యాజిక్ మిసైల్ అనే మాయాబాణాల మంత్రం వదిలాను. ఆ బాణాలు ప్రాణులనే తాకుతాయి కనుక ఒక్క పుట కూడా చెడలేదు. ఇలా దాని ద్వారా రోజుకు ప్రొఫిషియెన్సీ బోనస్ (పాత్ర లెవెల్‌తో పెరిగే నైపుణ్యపు అంకె) ఎంతో అన్నిసార్లే ప్రయోగించగలం, అప్పటికి నాకు 3 సార్లు. ఈ వృత్తిలో నాకు అన్నిటికన్నా ప్రియమైన శక్తి ఇదే.

పదో లెవెల్‌లో లాంగ్ రెస్ట్ (రాత్రి నిద్ర వంటి సుదీర్ఘ విశ్రాంతి) ముగిసినప్పుడల్లా ఉచితంగా రాసుకునే స్క్రోల్, అంటే మంత్రం రాసిన కాగితపు చుట్ట, ఉపయోగకరమే, అంతకు మించి చెప్పవలసింది లేదు. గ్రంథం పోతే ఖాళీ పుస్తకంలోకి ఒక్క షార్ట్ రెస్ట్ (కొద్దిసేపటి విశ్రాంతి)లో మొత్తం తిరిగి రాసుకోగలగడం అంతకంటే గొప్ప ఊరట. మా పడవ మునిగినప్పుడు నేను స్వయంగా అనుభవించాను.

పద్నాలుగో లెవెల్‌లోని వన్ విత్ ద వర్డ్ అనే శక్తిని మాత్రం తొందరపడి వాడవద్దని కొత్తవారిని కోరుతున్నాను. తగిలే దెబ్బను రియాక్షన్‌తో (అప్పటికప్పుడు స్పందించే చర్యతో) పూర్తిగా తప్పించుకోవచ్చు, కానీ మానిఫెస్ట్ మైండ్ మాయమవుతుంది, మూడు పాచికలు వేసి ఎంత పడితే, లెవెళ్లు కలిపితే ఆ మొత్తానికి తగ్గకుండా ఉండేలా మంత్రాలను గ్రంథం నుంచి తాత్కాలికంగా వదులుకోవాలి. వదులుకున్న మంత్రంతోపాటు దాని హాని రకాన్ని అరువు తెచ్చుకునే వీలు కూడా పోతుందన్నది ఆడితే గానీ తట్టని విషయం. నాకు 11 పడ్డాయి. నేను ప్రతి మంత్రాన్నీ రూళ్ల నోటుపుస్తకంలో తెలుగులో రాసుకునేవాణ్ణి. ఆ పుటలు తిప్పుతూ, యుద్ధానికి పనికొచ్చేవాటిని అట్టే పెట్టుకుని, పెన్సిల్‌తో ఏడు చిన్న మంత్రాలను కొట్టేశాను. వాటిలో తెలియని భాషలను అర్థం చేసుకునే కాంప్రహెండ్ లాంగ్వేజెస్ ఒకటి. మర్నాడే కొండ ద్వారం మీద ఎవరికీ తెలియని లిపిలో ఒక శాసనం ఎదురైంది. పోయిన మంత్రాలు తిరిగి రావడానికి పాచిక మీద 4 లాంగ్ రెస్ట్‌లు పడ్డాయి. బృందంలో చదువరి నేనొక్కణ్ణే కావడంతో, ఆ శాసనం ఎదుట మేము నాలుగు రాత్రులు గుడారం వేసుకుని కూర్చున్నాం.